కోత పడని శబ్దంలో చిన మౌలానా నాదస్వరం

ఒంగోలుకు కాస్త ఉత్తరాన, విజయవాడ–చెన్నై రైలుదారి మీద కరవది అనే చిన్న స్టేషను ఉంది. నాదస్వర విద్వాంసుడు షేక్ చిన మౌలానా 1924లో పుట్టింది ఆ ఊళ్లోనే. 1970లో ఒంగోలు కేంద్రంగా కొత్త జిల్లా ఏర్పడేదాకా కరవది గుంటూరు జిల్లాలోదే. గుళ్లలో, పెళ్లిళ్లలో తరతరాలుగా సన్నాయి వాయిస్తూ వచ్చిన ముస్లిం కుటుంబం ఆయనది. తొలి పాఠాలు తండ్రి ఖాసిం సాహెబ్ దగ్గర నేర్చుకున్నారు. తర్వాత చిలకలూరిపేటలో షేక్ ఆదం సాహెబ్ దగ్గర సాధన చేశారు. ఆపైన తమిళనాడు వెళ్లి నాచ్చియార్‌కోయిల్ విద్వాంసులు రాజం, దురైకణ్ణుల దగ్గర తంజావూరు బాణీ పట్టుకున్నారు. శ్రీరంగంలో స్థిరపడ్డారు. అక్కడే 1982లో శారదా నాదస్వర సంగీత ఆశ్రమం పెట్టి పిల్లలకు విద్య చెప్పారు. 1977లో పద్మశ్రీ, 1998లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ సంగీత కళానిధి బిరుదు వచ్చాయి. 1999లో కన్నుమూశారు.

జీవిత విశేషాలు ఇంతవరకు చాలామందికి తెలుసు. ఇక్కడ చెప్పదలచుకున్నది ఆయన పనితనం గురించి. ఆ పనితనంలో సగం చాలా చిన్న చిన్న చోట్ల ఉంటుంది: స్వరం మొదలయ్యే క్షణంలో, రెండు స్వరాల మధ్య జారుడులో, ఊపిరి తీసి మళ్లీ అందుకునే చోట. వాట్సాప్‌లో చేతులు మారి మారి వచ్చిన పాటలో, యూట్యూబ్‌లో పెట్టిన పాత క్యాసెట్టు కాపీలో సరిగ్గా ఆ చిన్న చోట్లే అరిగిపోయి ఉంటాయి. అదే కచేరీని సీడీ నుంచి లాస్‌లెస్ ఫైలుగా తీసుకుని, మంచి ఇయర్‌ఫోన్లు పెట్టుకుని వింటే ఆయన ఎంతటి పనివాడో కొత్తగా అర్థమవుతుంది.

నాదస్వరం అనగానే మనవాళ్లకు ముందు గుర్తొచ్చేది దాని మోత. మైకు లేకుండా ఊరేగింపు ముందు నడుస్తూ ఊరంతటికీ వినిపించాల్సిన వాద్యం అది. కోటప్పకొండ తిరునాళ్లలోనైనా, ఊళ్లో పెళ్లి పందిట్లోనైనా దాని పక్కన నిలబడి మాట్లాడుకోవడం కుదరదు. అంత గట్టి శబ్దంలో సున్నితత్వం ఏముంటుందిలే అని చాలామంది అనుకుంటారు. ఇదే మాట రాక్ సంగీతం గురించి కూడా లోకం అనుకుంది. రాక్ బృందాల అభిమానులు మాత్రం మోతలో కూడా పొరలు ఉంటాయని ముందే పట్టుకున్నారు. డైర్ స్ట్రెయిట్స్ 1985లో విడుదల చేసిన 'బ్రదర్స్ ఇన్ ఆర్మ్స్' సీడీ అంతగా అమ్ముడుపోవడానికి ఒక కారణం, ఆ గిటారు శబ్దం ఎంత శుభ్రంగా వినిపిస్తుందో చూద్దామన్న కుతూహలమే. ఇవాళ ఆ అభిమానులే తమకు ప్రాణమైన ఆల్బములన్నీ లాస్‌లెస్‌లో దాచుకుని, ఏ ముద్రణ బాగుందో, ఏది చెడిందో గంటల తరబడి పోల్చి చూస్తారు. ఆ శ్రద్ధలో పదో వంతు మన సన్నాయి మేళం మీద పెడితే దక్కే ఆనందం తక్కువేమీ కాదు. పైగా ఇది మన గడ్డ మీద పుట్టిన మోత.

లాస్‌లెస్ అంటే ఏమిటో ముందు తేల్చుకుందాం. సీడీలో శబ్దాన్ని సెకనుకు 44,100 సార్లు కొలిచి, ఒక్కో కొలతను 16 బిట్లలో రాస్తారు. కుడి, ఎడమ రెండు చానళ్లకూ కలిపి సెకనుకు దాదాపు 1,411 కిలోబిట్లు. ఈ లెక్కతో 20 కిలోహెర్ట్జ్ దాకా, అంటే మనిషి చెవికి అందే పైహద్దు దాకా, శబ్దం పూర్తిగా పడుతుంది. ఇంటర్నెట్ నెమ్మదిగా ఉన్న రోజుల్లో ఇంత డేటా పంపడం కష్టం కాబట్టి ఎంపీ3 వచ్చింది. 128 కిలోబిట్ల ఎంపీ3 అంటే సీడీలోని డేటాలో పదకొండో వంతు. మిగిలినదాన్ని అది చెవి స్వభావం చూసి వదిలేస్తుంది. గట్టి శబ్దం పక్కనే ఉన్న మెల్లని శబ్దం చెవికి ఆనదు గనక దాన్ని తీసేస్తుంది, లేదా ముతకగా రాస్తుంది. చాలా ఎంపీ3లలో 16 కిలోహెర్ట్జ్ పైన ఏమీ మిగలదు. ఒకసారి వదిలేసింది మళ్లీ తిరిగి రాదు.

లాస్‌లెస్ పద్ధతి, అంటే ఏమీ వదలకుండా కుదించే పద్ధతి అయిన ఫ్లాక్ దారి వేరు. 2001లో జాష్ కోల్సన్ అనే ప్రోగ్రామర్ అందరికీ ఉచితంగా ఇచ్చిన పద్ధతి ఇది. శబ్ద తరంగం గెంతులు వేయదు, ఒక తీరులో సాగుతుంది. కాబట్టి ముందున్న కొన్ని కొలతలను బట్టి తర్వాతి కొలత ఎంత ఉంటుందో లెక్కగట్టవచ్చు. ఫ్లాక్ ఆ అంచనా వేసి, అసలు కొలతకూ అంచనాకూ మధ్య తేడాను మాత్రం రాసుకుంటుంది. తేడాలు చిన్న అంకెలు కాబట్టి చోటు తక్కువ పడుతుంది. వినేటప్పుడు అంచనాకు తేడా కలిపితే అసలు కొలత ఒక్క అంకె కూడా మారకుండా వస్తుంది. మన జిన్నింగ్ మిల్లుల్లో దూదిని నొక్కి 170 కిలోల బేళ్లు కడతారు, నూలుమిల్లులో బేలు విప్పితే పోగు పోగూ అలాగే ఉంటుంది, ఇదీ అంతే. సీడీ ఫైలు ఫ్లాక్‌లో సుమారు సగానికి, కొన్నిసార్లు ఇంకాస్త ఎక్కువకు దిగుతుంది. ఆపిల్ సంస్థకు ఇలాంటిదే ఏఎల్ఏసీ అని ఉంది. 2021 నుంచి ఆపిల్ మ్యూజిక్ తన పాటలను లాస్‌లెస్‌లో కూడా ఇస్తోంది.

ఇక వాద్యం దగ్గరకు వద్దాం. నాదస్వరం గట్టి నల్లచెక్కతో చేసిన గొట్టం. పైన సన్నగా మొదలై కిందికి వచ్చేకొద్దీ వెడల్పవుతుంది, చివర అనసు అనే గిన్నె. నోట్లో పెట్టుకునే పీకలో రెండు రెల్లు రేకులు ఒకదానికొకటి తగిలేలా ఉంటాయి. ఊదితే అవి కొట్టుకుంటూ శబ్దం పుట్టిస్తాయి. వేళ్లతో మూసే రంధ్రాలు ఏడు. కింద మరో ఐదు ఉంటాయి, శ్రుతి సరిచేసుకోవడానికి వాటిలో కొన్నింటిని మైనంతో మూస్తారు. పొట్టి వాద్యం తిమిరి, దాని శ్రుతి హెచ్చు. రెండున్నర అడుగులు దాటిన పొడుగు వాద్యం బారి, దాని గొంతు గంభీరం. కుంభకోణం దగ్గరి నరసింగంపేటలో రంగనాథం ఆచారి చేతిలో బారి నాదస్వరం మెరుగుపడింది, దాన్ని టి.ఎన్. రాజరత్నం పిళ్లై కచేరీలకు ఎక్కించారు. చిన మౌలానా అనుసరించిన తంజావూరు దారి ఆ మహానుభావుడు నడిచిన దారే.

గొట్టం శంకువు ఆకారంలో ఉండడం, పీకకు రెండు రేకులు ఉండడం వల్ల నాదస్వరంలో ఒక్కో స్వరం మీద అనుస్వరాలు దట్టంగా పుడతాయి. అసలు స్వరానికి రెండింతలు, మూడింతలు, నాలుగింతలు, ఇలా పైపైకి చాలా దూరం వెళ్తాయి. ఆ వాద్యానికి ఉన్న వాడి, మెరుపు అంతా ఆ పై అనుస్వరాలదే. కుదించిన ఫైలు మొదట కోసేది వాటినే. అందుకే ఫోన్ స్పీకరులో నాదస్వరం ముక్కుతో పాడుతున్నట్టు, గీరుకుపోతున్నట్టు ఉంటుంది. వాద్యమే అంత అనుకుని పక్కన పెట్టేసినవాళ్లు వేలమంది ఉంటారు. మంచి రికార్డింగు పూర్తి రూపంలో వింటే ఆ గొంతులో చెక్క, గాలి, లోతు ఉన్నాయని తెలుస్తుంది.

తోడి రాగం తీసుకుందాం. నాదస్వర విద్వాంసులకు అది ఇంటి రాగం. తోడిలో గాంధారం ఒక్కచోట నిలబడదు. కింద రిషభాన్ని, పైన మధ్యమాన్ని తాకుతూ ఊగుతుంటుంది, ఆ ఊపే రాగానికి ప్రాణం. గాయకుడు దాన్ని గొంతులో తిప్పుతాడు, వీణ మీద తీగ లాగుతారు. నాదస్వరంలో లాగడానికి తీగ లేదు, నొక్కడానికి మీట లేదు. వేలి కండను రంధ్రం అంచు మీద కాస్త కాస్త జరుపుతూ, అదే సమయంలో పీక మీద పెదవి బిగింపు మారుస్తూ, గాలి వత్తిడిని దానికి తగ్గట్టు సవరిస్తూ ఉండాలి. ఈ మూడింటిలో ఒక్కటి అటూ ఇటూ అయినా స్వరం పగులుతుంది, లేదా ఊపు మధ్యలో శబ్దం ఒక్కసారి పెద్దదై వెంటనే చిన్నదవుతుంది. పల్లెటూళ్లలో మామూలు మేళాల దగ్గర ఈ ఎగుడుదిగుడు స్పష్టంగా తెలిసిపోతుంది.

చిన మౌలానా గాంధారంలో ఆ ఎగుడుదిగుడు ఉండదు. స్వరం ఊగుతుంది, శబ్దం స్థాయి మాత్రం కదలదు. లాస్‌లెస్‌లో చెవి పెట్టి వింటే ఊపు పైకి వెళ్లినప్పుడు గొంతులో రవ్వంత మెరుపు హెచ్చడం, కిందికి దిగినప్పుడు రవ్వంత మందం రావడం తెలుస్తుంది. పెదవి బిగిసి సడలుతున్న గుర్తు అది. ఆ రంగు మార్పు ఒక మెట్టు నుంచి ఇంకో మెట్టుకు దూకదు, నునుపుగా జరుగుతుంది. ఎంపీ3 శబ్దాన్ని సుమారు 26 మిల్లీసెకన్ల ముక్కలుగా కోసి, ప్రతి ముక్కలోనూ ఏ అనుస్వరం ఉంచాలో ఏది వదలాలో విడిగా తేల్చుకుంటుంది. తక్కువ బిట్‌రేటులో పై అనుస్వరాలు ఒక ముక్కలో ఉండి, తర్వాతి ముక్కలో మాయమై, మళ్లీ వస్తాయి. దాంతో ఆ నునుపు మీద సన్నని గరుకు ఏర్పడుతుంది. ఆయన సాధన చేసి తీసేసిన గరుకును కంప్యూటరు తిరిగి తెచ్చి పెట్టినట్టే కదా అది. పనితనం మీద గౌరవం ఉన్నవాడికి దీనికంటే బాధ ఇంకేముంటుంది?

రెండోది, స్వరం పుట్టే తీరు. రెల్లు పీకతో స్వరాన్ని మెత్తగా మొదలుపెట్టడం చాలా కష్టం. రేకులు కదలాలంటే కొంత వత్తిడి కావాలి, ఆ వత్తిడి రాగానే శబ్దం ఒక్కసారిగా బయటికి దూకుతుంది. చిన మౌలానా ఆలాపనలో మంద్ర స్థాయి సంచారాలు విన్నప్పుడు స్వరానికి ముందు గాలి చప్పుడు రేఖామాత్రంగా వినిపించి, ఆ గాలిలోంచే స్వరం నెమ్మదిగా పైకి తేలుతుంది. అలాగే ముగింపులో స్వరాన్ని టక్కున కోయరు. గాలి తగ్గిస్తూ పోతుంటే మామూలుగా శ్రుతి దిగజారాలి. ఆయన పెదవి బిగువుతో శ్రుతిని పట్టి ఉంచి, శబ్దాన్ని మాత్రం సన్నం చేస్తారు. ఊరేగింపు వాద్యాన్ని గానంతో సమానంగా నిలబెట్టిన విద్య అదే. గాలి చప్పుడు చాలా మెల్లనిది, పక్కనే శ్రుతి మోగుతోంది. చెవికి ఆనదులే అనుకుని కుదింపు యంత్రం దాన్ని మొదట వదిలేస్తుంది.

మూడోది డోలు. పనసచెక్కతో తొలిచిన పీపా ఆకారపు వాద్యం, కుడి చేతి వేళ్లకు గట్టి తొడుగులు, ఎడమ చేతిలో పొట్టి పుల్ల. కుడి వేళ్లు వరసగా పడే జోరులో ఒక్కో దెబ్బ పదునైన మొనతో మొదలై క్షణంలో అణిగిపోతుంది. కుదింపు పద్ధతులకు ఇలాంటి దెబ్బలే గండం. కాస్టనెట్స్ అనే స్పానిష్ చెక్క తాళాల టకటకలను ఇంజనీర్లు పరీక్షకు వాడుకునేది అందుకే. దెబ్బ పడిన ముక్కలో జరిగిన పొరపాటు ఆ ముక్క అంతటా పరుచుకుంటుంది, దెబ్బ కంటే ముందే చిన్న బుసలాంటి చప్పుడు వస్తుంది. ఒక్క దెబ్బకైతే పట్టించుకోనక్కర్లేదు. సెకనులో పదికి పైగా దెబ్బలు పడే డోలు జోరులో మాత్రం మొనలన్నీ మొద్దుబారి ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి. లాస్‌లెస్‌లో ప్రతి వేలు విడిగా వినిపిస్తుంది, తొడుగు చర్మాన్ని తాకిన కటువు, వెంటనే చెక్కలోంచి వచ్చే గుమ్మనే నాదం రెండూ వేరువేరుగా తెలుస్తాయి. మల్లారి అనే నాదస్వర రచనతో మొదలైన కచేరీలో డోలు విద్వాంసుడు నాదస్వరం విడిచిన ఖాళీలను ఎంత ఒడుపుగా నింపుతాడో, అది ఆగిన వెంటనే ఎంత జాగ్రత్తగా తగ్గుతాడో అప్పుడే అర్థమవుతుంది. నాదస్వరం, డోలు, తాళం, శ్రుతి నాలుగూ నాలుగు చోట్ల కూర్చుని ఉన్నట్టు అనిపించడం కూడా ఆ స్పష్టత వల్లే.

ఒక విషయం నిజాయితీగా చెప్పుకోవాలి. 256 కిలోబిట్లు, ఆపైన జాగ్రత్తగా చేసిన ఫైలుకూ లాస్‌లెస్‌కూ తేడాను కళ్లు మూసుకుని చెప్పమంటే చాలామంది చెప్పలేరు. మామూలుగా వినడానికి అది చాలు. లాస్‌లెస్ విలువ రెండు చోట్ల తేలుతుంది. ఒకటి, ఒకే కచేరీని పదేపదే వింటూ పనితనాన్ని గమనించేవాడికి. రెండు, దాచుకునేవాడికి. కుదించిన ఫైలును మళ్లీ కుదించిన ప్రతిసారీ నష్టం మీద నష్టం పేరుకుంటుంది. ఫ్లాక్‌ను వందసార్లు కాపీ చేసినా, రేపు వచ్చే ఇంకో లాస్‌లెస్ పద్ధతిలోకి మార్చినా మొదటి రోజున ఎలా ఉందో అలాగే ఉంటుంది.

లాస్‌లెస్ అయితే చాలు అంతా బాగుంటుందనీ కాదు. మూలం చెడితే దాన్ని చెడినట్టే దాచిపెడుతుంది. 2008లో మెటాలికా 'డెత్ మాగ్నెటిక్' ఆల్బం వచ్చినప్పుడు శబ్దాన్ని అంతటా ఒకే గట్టి స్థాయికి నొక్కేశారని అభిమానులే మండిపడ్డారు. సీడీ కొన్నా, లాస్‌లెస్ తీసుకున్నా ఆ లోపం పోలేదు. మన పాత కచేరీలను మళ్లీ విడుదల చేసేవాళ్లలో కొందరు కూడా ఇదే పని చేస్తారు. క్యాసెట్టు బుస పోగొట్టాలని సాఫ్ట్‌వేరుతో తుడిచి, తర్వాత మొత్తం శబ్దం పెంచేస్తారు. ఆ తుడుపులో బుసతో పాటు ఊపిరి కూడా పోతుంది. ఆ పెంపులో మెల్లగా మొదలై పెరిగే ఆలాపన అంతా ఒకే ఎత్తున చదునైపోతుంది. నాదస్వరం విషయంలో కాస్త బుస ఉన్నా ముట్టుకోని ముద్రణే మేలు.

నకిలీలను కూడా కనిపెట్టాలి. ఎంపీ3ని ఫ్లాక్‌గా మార్చి లాస్‌లెస్ అని పంచిపెట్టేవాళ్లు ఉన్నారు. ఆడాసిటీ వంటి ఉచిత సాఫ్ట్‌వేరులో ఫైలు తెరిచి, ఏ కిలోహెర్ట్జ్ దగ్గర ఎంత శబ్దం ఉందో చూపే స్పెక్ట్రోగ్రామ్ చూస్తే దొంగ దొరుకుతుంది. నిజమైన సీడీ ఫైలులో శబ్దం పైకి వెళ్లేకొద్దీ పలచబడుతూ పోతుంది. నకిలీలో తరచూ 16 కిలోహెర్ట్జ్ దగ్గర గీత గీసినట్టు ఆగిపోతుంది. పాత క్యాసెట్ల నుంచి తీసినవాటిలో పైభాగం సహజంగానే పలచగా ఉంటుంది, కాబట్టి గీతలా తెగిందా, మెల్లగా తగ్గిందా అన్నదే చూడాలి. 24 బిట్లు, 192 కిలోహెర్ట్జ్ అని రాసి ఉందని మురిసిపోనక్కర్లేదు. పాత టేపులో లేని శబ్దాన్ని ఏ అంకే తెచ్చిపెట్టలేదు.

వినే పద్ధతికి పెద్ద ఖర్చు అక్కర్లేదు. సీడీ ఉంటే కంప్యూటరులో లోపాలు సరిచూసుకునే సాఫ్ట్‌వేరుతో ఫ్లాక్‌గా తీసుకోండి. మామూలు బ్లూటూత్ శబ్దాన్ని దారిలో మళ్లీ కుదిస్తుంది, కాబట్టి వైరు ఉన్న ఇయర్‌ఫోన్లు, డిజిటల్ అంకెలను శబ్దంగా మార్చేలా ఫోన్‌కు తగిలించే డాక్ అనే చిన్న ముక్క సరిపోతాయి. ఈక్వలైజరు తీసేయండి. శబ్దం మరీ పెంచకండి, నాదస్వరం పై అనుస్వరాలు చెవిని తొందరగా అలసిపోయేలా చేస్తాయి. మొదటిసారి శ్రుతిని మాత్రం పట్టుకుని వినండి. రెండోసారి డోలును. మూడోసారి ఆలాపనలో ఊపిరి తీసుకునే చోట్లను. ఎక్కడ ఊపిరి తీశారో గమనిస్తే రాగాన్ని ఆయన ఎలా వాక్యాలుగా విడగొట్టుకున్నారో తెలుస్తుంది. ఊపిరి చాలక ఆగిన చోటు ఒక్కటీ కనిపించదు, ప్రతి విరామం భావం పూర్తయిన చోటే పడుతుంది. ఈ ఒక్క సంగతి తెలిస్తే చాలు, ఆ మనిషి ఆలోచన ఎంత స్పష్టమో చెప్పడానికి.

నాదస్వర ఆలాపనకు సమయం కావాలి, అది దొరికిందే ఆలస్యంగా. పాత గ్రామఫోను రికార్డుకు ఒక వైపు సుమారు మూడు నిమిషాలు. ఎల్పీకి ఒక వైపు ఇరవై నిమిషాల పైచిలుకు. 1982లో సీడీ వచ్చాకే ఒకే డిస్కు మీద గంటకు పైగా ఆగకుండా వినే వీలు కలిగింది. చిన మౌలానా కచేరీ జీవితంలో పెద్ద భాగం అంతకు ముందే గడిచింది. ఆయన తిరునాళ్లలో, ఉత్సవాలలో రాత్రి పొద్దుపోయేదాకా వాయించిన రాగాలలో మనకు మిగిలినవి కొన్ని టేపులూ, క్యాసెట్లూ మాత్రమే. ఆ విద్యను ఇవాళ మనుమలు ఖాసిం, బాబు కొనసాగిస్తున్నారు. ఆయన శిష్యులైన షేక్ మహబూబ్ సుభానీ, కాలీషాబీ దంపతులకు 2020లో పద్మశ్రీ వచ్చింది. పరంపర బతికే ఉంది, మొదటి చేతి శబ్దాన్ని కాపాడుకోవడం మన వంతు.

గుంటూరు, చిలకలూరిపేట, నరసరావుపేట, ఒంగోలు చుట్టుపక్కల ఎన్నో ఇళ్లలో పెళ్లిళ్లప్పుడు, ఉత్సవాలప్పుడు టేపురికార్డరులో పట్టిన క్యాసెట్లు అటకల మీద ఉన్నాయి. వాటిలో కరవది, చిలకలూరిపేట విద్వాంసుల మేళాలు ఉండి ఉండవచ్చు. అయస్కాంతపు పూత రాలిపోయేలోగా వాటిని కంప్యూటరులోకి ఎక్కించాలి. ఎక్కించేటప్పుడు 24 బిట్లు, 96 కిలోహెర్ట్జ్ పెట్టుకుని, బుస తుడవకుండా, శబ్దం పెంచకుండా, ముందు ఉన్నది ఉన్నట్టు ఫ్లాక్‌గా దాచండి. ఎవరు వాయించారు, ఏ ఊరు, ఏ సంవత్సరం అన్నది ఫైలుతో పాటే రాయండి. సరిదిద్దడం, తుడవడం ఆ తర్వాత కాపీ మీద చేసుకోవచ్చు. రెండు చోట్ల దాచి, ఒకటి ఆ విద్వాంసుడి కుటుంబానికి అందజేయండి. చిన మౌలానా వంటివారు ఒక్క గాంధారం నునుపు కోసం ఏళ్లకేళ్లు ధారపోశారు. ఆ నునుపులో ఒక్క అంకె కూడా పోకుండా తర్వాతి తరానికి అప్పగించే సాధనం ఇప్పుడు ఉచితంగా మన చేతిలో ఉంది. వాడుకుందాం.